పెట్టె మీది అంకె

డిసెంబర్ 5, తెనాలి

అద్దె మిక్సర్‌తో ఇక కుదరదని మా పాటల బృందంలో అందరం ఒక మాట అనుకున్నాం. వెళ్లిన ప్రతిచోటా కొత్త పెట్టె, దాని వెనక కొత్త మనిషి. మా గాయని గొంతులో పదును ఎక్కడ తగ్గించాలో అతనికి నాలుగో పాటకి గానీ అంతుబట్టదు. ఐదో పాటకి భోజనాల పిలుపొస్తుంది. పెళ్లిళ్ల సీజన్లో పక్కన పెట్టింది, తలా కొంత వేసుకున్నది కలిపితే 60 వేలు. ఫిబ్రవరి 11 ఘంటసాల వర్ధంతి. ఊళ్లో మా కార్యక్రమం ఉంది, ఆలోపు సొంత మిక్సర్ రావాలి. స్టేజీ మీద నడవాలి, రిహార్సల్ గదిలో నాలుగు పాటలు రికార్డు చేసుకోవడానికీ పనికిరావాలి. కీబోర్డు వాయించేవాడికి వైర్ల సంగతి తెలుస్తుందంటూ కొనే పని నాకు అప్పజెప్పారు.

డిసెంబర్ 6

షాపు గడప తొక్కే ముందు మనకేం కావాలో కాగితం మీద ఉండాలి. పాడేవాళ్లకు 2 మైకులు. వ్యాఖ్యాతకు 1, ఫ్లూటుకు 1, డోలక్‌కు 1, తబలాకీ డగ్గాకీ చెరొకటి. మొత్తం 7. బేస్ గిటారు, లీడ్ గిటారు చెరో లైను. నా కీబోర్డు స్టీరియో, పాడ్స్ (ఎలక్ట్రానిక్ డ్రమ్ములు) స్టీరియో. విరామంలో పాటలు వేయడానికి ఫోనో లాప్‌టాపో, అదీ స్టీరియోయే. వెరసి 15 దారులు.

పాడ్స్ కుర్రాడు, "నాది మోనోలో ఇచ్చెయ్యన్నా, పందిట్లో ఎవరికి తెలుస్తుంది?" అన్నాడు. స్టేజీ వరకూ వాడి మాట నిజం. ఎడమ చివర కుర్చీలో కూర్చున్నాయనకి కుడి స్పీకర్లోది సరిగ్గా అందదు, కాబట్టి రెండు పక్కలా ఒకే శబ్దం వెళితేనే మేలు. రికార్డింగు దగ్గరికొస్తే మాత్రం స్టీరియో కావాలి. జతలు జతలుగానే ఉంచాను.

డిసెంబర్ 8

12 ఛానెళ్లంటే 12 మైకులు పడతాయనుకుంటాం. పడవు. యమహా ఎంజీ10ఎక్స్‌యూ పేరులో 10 ఉంది, మైకులు పట్టేవి 4. ఎంజీ12ఎక్స్‌యూలో 6. ఎంజీ16ఎక్స్‌యూలో 10. కంపెనీ అబద్ధమేమీ ఆడటం లేదు, ఒక్కో స్టీరియో లైనును రెండుగా లెక్కేస్తుంది, అంతే. బెరింజర్, మాకీ, సౌండ్‌క్రాఫ్ట్ వాళ్ల మోడళ్లలోనూ చాలావాటిది ఇదే లెక్క. ఇంకో మెలిక ఏమిటంటే, కొన్ని జతలకి మైకు రంధ్రమూ ఉంటుంది, స్టీరియో లైను రంధ్రాలూ ఉంటాయి. వాడుకోవలసింది మాత్రం రెంటిలో ఒకటే. అక్కడ మైకు పెట్టామా, ఆ స్టీరియో జత పోయినట్టే.

మా జాబితాను 16లో వేసి చూశాను. మొదటి ఎనిమిదింటిలో 7 మైకులు, బేస్ గిటారు. 9-10లో లీడ్ గిటారు. 11-12లో ఫోను. మిగిలిన రెండు జతల్లో కీబోర్డు, పాడ్స్. నిండిపోయింది. వయొలిన్ ఆయన వస్తానంటే ఫోను తీసేయాలి. 12 ఛానెళ్లదాన్లో మేం పట్టం. కొనేవాళ్లు పెట్టె మీది అంకె చూడటం మానేసి, మైకు పిన్ను దూరే రంధ్రాలు వేలితో లెక్కపెట్టుకోవాలి.

డిసెంబర్ 11, విజయవాడ

ఏ షాపులో అడుగుపెట్టినా మొదటి ప్రశ్న "ఎన్ని ఛానెళ్లు సార్?", రెండోది "ఎకో ఉండాలా?" మానిటర్లు ఎన్ని నడపాలని ఒక్కరూ అడగలేదు.

ఒకాయన పవర్డ్ మిక్సర్ ముందు పెట్టారు. ఆంప్లిఫయర్ లోపలే ఉంటుంది, రెండు స్పీకర్లు తగిలిస్తే కచేరీ మొదలు. బడికి, భజన మందిరానికి చక్కగా సరిపోతుంది. మాకు అక్కర్లేదు. పెళ్లిలోనైనా పందిట్లోనైనా ఆంప్లిఫయర్లు, స్పీకర్లు సౌండ్ వాళ్లవే ఉంటాయి. మేం వాళ్లకి ఎడమ, కుడి రెండు వైర్లు అందిస్తే చాలు. పైగా ఒకే డబ్బాలో రెండూ ఉంటే, ఆంప్లిఫయర్ కాలిన రోజున మిక్సరూ మూలన పడుతుంది.

అహూజా, స్టూడియోమాస్టర్ కూడా చూశాను. చిన్న ఊళ్లో కూడా బాగుచేసే మనిషి దొరకడం వీటికున్న బలం. రాత్రి పూట పాడైతే కొత్త ఫీచర్ల కన్నా ఆ మనిషి ముఖ్యం.

డిసెంబర్ 14

తబలా మాస్టారి ఫిర్యాదు చాలా ఏళ్లుగా ఒకటే. "అబ్బాయ్, పాట నాకు వినపడదు. అమ్మాయి పెదాలు చూసి వాయిస్తున్నా." స్పీకర్లు జనం వైపు ఉంటాయి. వాటి వెనక కూర్చున్న మాస్టారికి అందేది గోడకి కొట్టుకుని తిరిగొచ్చిన శబ్దం, అదీ ఆలస్యంగా. మానిటర్ స్పీకరు ఆయన ముందు పెట్టి, అందులో పాట ఎక్కువ, తబలా కొంచెం, కీబోర్డు ఇంకా కొంచెం ఇవ్వాలి. జనానికి వెళ్లే మిశ్రమం వేరు, ఆయనకి వెళ్లేది వేరు. ఈ రెండో మిశ్రమం తయారుచేసేవే ప్రతి ఛానెల్లోనూ ఉండే ఆక్స్ మీటలు. ఎన్ని ఆక్స్‌లుంటే అన్ని వేరువేరు మానిటర్లు.

చవక మిక్సర్లలో కోత పడేది ఇక్కడే. ఎంజీ10ఎక్స్‌యూలో ఉన్నది ఒక్క ఆక్స్, ఎకోకి వెళ్లేదీ అదే. 12లో ఎకోతో కలిపి రెండు. 16లో ఎకోతో కలిపి నాలుగు, అంటే ఎకో పోను మూడు మానిటర్లు. మాకు కనీసం రెండు కావాలి, ఒకటి పాడేవాళ్లకి, ఒకటి తాళం వాళ్లకి.

ఇంకొకటి చూసుకోవాలి. ఆ ఆక్స్ శబ్దాన్ని ఫేడర్‌కి, అంటే ఛానెల్ శబ్దం పెంచి దించే జారుడు మీటకి, ముందు నుంచి తీసుకుంటుందా, తర్వాత నుంచా? మానిటర్‌కి ముందు నుంచి తీసుకోవాలి. లేకపోతే జనం కోసం గాయని ఫేడర్ పెంచిన ప్రతిసారీ ఆవిడ ముందున్న మానిటరూ పెరిగి కూత మొదలవుతుంది. ఎకోకి తర్వాత నుంచి తీసుకోవాలి. లేకపోతే ఫేడర్ దించేసినా గొంతు పోయి ఎకో మాత్రం దయ్యంలా మిగులుతుంది. కొన్ని మోడళ్లలో దీన్ని మార్చడానికి బటన్ ఉంటుంది, కొన్నిటిలో కంపెనీ ఎలా కుదిరిస్తే అలాగే. షాపులో ఈ ప్రశ్న అడిగితే లోపలి గదిలోంచి పెద్దాయన బయటికి వస్తారు.

డిసెంబర్ 17

ఈ కంపెనీల పుట్టుపూర్వోత్తరాలు కాసేపు చదివాను. సౌండ్‌క్రాఫ్ట్ 1973లో పెట్టిన ఇద్దరిలో ఫిల్ డడ్రిడ్జ్ అంతకుముందు లెడ్ జెపెలిన్ బృందానికి సౌండ్ చూసినవాడు. అమెరికాలో గ్రెగ్ మాకీ 1991లో సీఆర్-1604 తెచ్చి, 16 దారుల మిక్సర్ చిన్న బృందానికీ అందుతుందని చూపించాడు. బెరింజర్ ఆ ధరను ఇంకా కిందికి దించింది. 1990ల చివర్లో మాకీ వాళ్లు బెరింజర్‌ని కోర్టుకి లాగారు కూడా. అదే బెరింజర్ మాతృసంస్థ 2009లో బ్రిటన్‌లో పేరున్న మిక్సర్ల కంపెనీ మిడాస్‌ని కొనేసింది. ఇప్పుడు చవక బెరింజర్ పెట్టె మీద మిడాస్ పేరు చూసి పాతకాలం వాళ్లు కళ్లు నులుముకుంటారు.

డిసెంబర్ 22

ఒక చర్చిలో సెమీ క్రిస్మస్. మా పాడ్స్ కుర్రాడు అక్కడ వాయిస్తాడని వెంట వెళ్లాను. మిక్సర్ ఎక్కడుందో కనిపించలేదు. స్టేజీ మూల బెరింజర్ ఎక్స్‌ఆర్18 డబ్బా ఉంది, దానికి మీటలే లేవు. నడిపే అబ్బాయి టాబ్లెట్ పట్టుకుని జనం మధ్య తిరుగుతున్నాడు. వెనక వరసలో నిలబడి గిటారు తగ్గించాడు, ముందుకొచ్చి పాస్టరు గారి మైకు సరిచేశాడు. చూసి కుళ్లుకున్నాను.

16 మైకు ప్రీఆంప్‌లు, ఆరు ఆక్స్‌లు, ఒక్కో ఛానెల్‌కి విడిగా శబ్దాన్ని సరిదిద్దే కంప్రెసరు, గేటు, ఈక్యూ. యూఎస్‌బీ వైరు లాప్‌టాప్‌కి పెడితే 18 ట్రాకులు వేటికవి రికార్డవుతాయి. పొరబడకుండా కొనాలి: అదే వరసలో ఉన్న ఎక్స్‌ఆర్12, ఎక్స్‌ఆర్16 పెన్‌డ్రైవ్‌లోకి రెండు ట్రాకులే రాస్తాయి. మైకు ప్రీఆంప్‌లూ 4, 8 మాత్రమే. పేరులో తేడా ఒక అంకె, పనిలో తేడా సగం స్టూడియో.

ఆ అబ్బాయి చెప్పిన మాట రాసుకున్నాను: "అంకుల్, లోపలి వైఫైని నమ్మకండి. బయట రౌటర్ పెట్టండి, 5 గిగాహెర్ట్జ్‌లో." హాలు నిండా ఫోన్లున్నప్పుడు టాబ్లెట్‌కీ డబ్బాకీ మధ్య మాట తెగుతుందట. శబ్దం ఆగదు, మార్చడం ఆగిపోతుంది.

డిసెంబర్ 23

రిహార్సల్లో పెద్ద వాదన. కుర్రాళ్లు డిజిటల్ అంటారు. మాస్టారు, "కరెంటు పోతే?" అంటారు. మాస్టారి ప్రశ్న చిన్నది కాదు. కరెంటు పోయి జనరేటర్ అందుకునే లోపు అనలాగ్ మిక్సర్ మీటలు ఎక్కడివక్కడే ఉంటాయి, కరెంటు రాగానే పాట అందుకోవచ్చు. డిజిటల్ డబ్బా లేచి, రౌటర్ లేచి, టాబ్లెట్ దాన్ని వెతికి పట్టుకునేసరికి పల్లవి దాటిపోతుంది. యూపీఎస్ పెడితే ఈ బాధ తీరుతుంది, అది వేరే ఖర్చు. రౌటర్ ఖర్చు, టాబ్లెట్ ఖర్చు. అన్నీ కలిపితే 60 వేలు దాటి పోయింది.

అసలు చిక్కు నాకు ఇంకోచోట కనిపిస్తోంది. మా కచేరీలో నేను కీబోర్డు మీద ఉంటాను. మిక్సర్ దగ్గర కూర్చునేది బావగారు, అంటే పాడే మా చెల్లెమ్మ భర్త, లేదా ఆ రోజు ఖాళీగా ఉన్న బంధువు. టాబ్లెట్‌లో ఆరో పేజీకి వెళ్లి గేటు తీసేయమంటే బావగారు వెళ్లలేరు. "మూడో ఫేడర్ కొంచెం కిందికి బావా" అంటే చేసేస్తారు. రోజూ ఒకే మనిషి నడిపే చోట, చర్చిలో, స్టూడియోలో, డిజిటల్‌కి తిరుగులేదు. మా దగ్గర కనిపించే మీటలే కావాలి.

జనవరి 4, హైదరాబాద్

పెళ్లికని వచ్చి కోఠీ గుజరాతీ గల్లీలో దూరాను. ఇక్కడ ధర మొదట చెప్పింది వేరు, వెళ్లిపోతుంటే పిలిచి చెప్పేది వేరు. ఒక షాపులో ఎవరూ వినని పేరుతో 16 ఛానెళ్ల మిక్సర్, బ్లూటూత్, రంగురంగుల తెర, మా బడ్జెట్‌లో మూడో వంతుకే. హెడ్‌ఫోన్ పెట్టి, మైకు ఏదీ తగిలించకుండా గెయిన్ (మైకు నుంచి వచ్చే బలహీన శబ్దాన్ని మొదట పెంచే మీట) సగానికి పైన తిప్పమన్నాను. వాన కురుస్తున్న శబ్దం. పది దారుల్లో పది వానలు కలిస్తే రికార్డింగులో ఏం మిగులుతుంది? పందిట్లో వినపడని ఈ బుసే గదిలో మనల్ని పట్టుకుంటుంది. చవకలో మంచిదేదో తేల్చుకోవడానికి ఈ ఒక్క పరీక్ష చాలు.

జూమ్ వాళ్ల లైవ్‌ట్రాక్ ఎల్-12 కూడా కనిపించింది. లాప్‌టాప్ అవసరం లేకుండా ఎస్‌డీ కార్డులోకి 14 ట్రాకులు రాస్తుంది. ఐదుగురికి ఐదు హెడ్‌ఫోన్లు, ఎవరి మిశ్రమం వాళ్లకి. మైకులు నాలుగైదు దాటని బృందమైతే, స్టేజీ కన్నా రికార్డింగు ఎక్కువ చేసేవాళ్లయితే, దీని తర్వాతే ఏదైనా. మా 7 మైకులు, గిటార్లు, మూడు జతలు దీన్లో ఇమడవు.

జనవరి 9

యూఎస్‌బీ ఉన్నంత మాత్రాన ట్రాకులు విడిగా వస్తాయనుకుని కొనేవాళ్లు చాలామంది. ఎంజీ వరసలో యూఎస్‌బీ మీదుగా కంప్యూటర్‌కి వెళ్లేవి రెండే దారులు, ఎడమ, కుడి. ఇంటికొచ్చాక డోలక్ ఒక్కదాన్నీ పెంచలేం. కలిసిపోయిందంతే.

ఇంకో వింత ఉంది. చిన్న హాల్లో డోలక్ తనంతట తానే మోగుతుంది కాబట్టి మిక్సర్లో దాన్ని పెద్దగా పెంచం. గొంతు పెంచుతాం. అదే మిశ్రమాన్ని రికార్డు చేస్తే పాట మొహం మీదికి వస్తుంది, డోలక్ పక్కింట్లో మోగినట్టుంటుంది. హాల్లో విన్నవాళ్లు అద్భుతమన్న కచేరీ రికార్డింగులో ఎందుకు పేలవంగా ఉంటుందో చెప్పడానికి ఇంతకన్నా పెద్ద కారణం వెతకక్కర్లేదు.

జనవరి 14

సంక్రాంతి. అందరూ ఊళ్లకు పోయారు. ఫోన్లో ధరలు చూస్తూ కూర్చున్నాను.

జనవరి 19, గుంటూరు

డిజిటల్‌కి మారిన ఒక చర్చి వాళ్లు పాత ఎంజీ16ఎక్స్‌యూ అమ్ముతున్నారని పాడ్స్ కుర్రాడు కబురు తెచ్చాడు. ఒక మైకు, ఒక వైరు, హెడ్‌ఫోన్ పట్టుకుని వెళ్లాను. ఒకే మైకుని మొదటి ఛానెల్ నుంచి చివరిదాకా మార్చుకుంటూ వెళ్లాలి. ప్రతి ఫేడరూ మెల్లగా పైకీ కిందికీ తోయాలి. రెండింటిలో కరకర వచ్చింది, కాంటాక్ట్ క్లీనర్‌తో పోయేదే. గెయిన్ మీటలు తిప్పుతూ వినాలి. ఫాంటమ్ పవర్ నొక్కి, కండెన్సర్ మైకు ఉంటే పలుకుతుందో లేదో చూడాలి, దానికి 48 వోల్టులు అందాలి. ఒక్కో ఆక్స్ ఎక్కణ్ణుంచి తీసుకుంటుందో, ఎకో వెళ్తుందో లేదో, యూఎస్‌బీ లాప్‌టాప్‌కి కనపడుతుందో లేదో చూడాలి. అరగంట ఆన్ చేసి ఉంచి, వేడెక్కాక మళ్లీ వినాలి. కాలిన వాసన వస్తే నమస్కారం పెట్టి వచ్చేయాలి.

రాలేదు. 31 వేలకి బేరం తెగింది. దాని గట్టి సంచి కూడా ఇచ్చారు.

జనవరి 21

మిగిలిన 29 వేలు మిక్సర్‌కి పెట్టలేదని ఎవరూ ఏమనలేదు. గిటార్లకు రెండు డీఐ బాక్సులు, ఏడు మంచి మైకు వైర్లు, చిన్న యూపీఎస్. గాయకుల కోసం ఎస్ఎమ్58 మైకులు రెండు. 1966 నుంచి ఇదే మైకు, ఇదే ఆకారం. డూప్లికేట్లూ అన్నే ఉన్నాయి కాబట్టి బిల్లు ఇచ్చే చోటే కొన్నాను.

మైకులకు వాడే కేనన్ పిన్ను వైరు బాగా పొడుగైనా శబ్దం శుభ్రంగా వస్తుంది. రెండు తీగల్లో ఒకే శబ్దం, ఒకదాన్లో తిరగేసి వెళ్తుంది, దారిలో పట్టిన రొద చివర్లో ఒకదాన్నొకటి కొట్టేసుకుంటుంది. గిటారు నుంచి వచ్చే మామూలు పి-38 పిన్ను వైరుకి ఆ గుణం లేదు. అందుకే స్టేజీ మీదే గిటారు పక్కన డీఐ బాక్సు పెట్టి, అక్కణ్ణుంచి కేనన్‌తో తెచ్చుకోవాలి.

గుయ్‌మనే హమ్ వస్తే కొందరు ప్లగ్గులో ఎర్తు పిన్ను విరిచేస్తారు. హమ్ పోతుంది. తర్వాత ఎప్పుడో గాయని పెదాలకి మైకు తగిలినప్పుడు జివ్వుమంటుంది. అది మనిషి ప్రాణం మీదికి తెచ్చే పని. మిక్సరూ స్టేజీ మీది వాయిద్యాలూ ఒకే ప్లగ్ పాయింటు నుంచి తీసుకుంటే చాలావరకు హమ్ ఉండదు.

జనవరి 27

బావగారికి శిక్షణ. గెయిన్ అంటే వాల్యూమ్ కాదని నమ్మించడానికే సాయంత్రం గడిచింది. "మైక్ టెస్టింగ్ వన్ టూ త్రీ" అని గొణిగే గొంతుకి గెయిన్ పెడితే, చరణంలో తారస్థాయి అందుకోగానే ఎర్రదీపం వెలుగుతుంది, గొంతు చిరుగుతుంది. అందుకని చెల్లెమ్మ చేత పాటలో అన్నిటికన్నా ఎత్తైన వాక్యమే పాడించి, అప్పుడు గెయిన్ పెట్టాం. గొంతు మైకులన్నిటికీ లో-కట్ నొక్కాం, స్టేజీ దడదడ తగ్గింది. కూత వస్తే ముందు మానిటర్ తగ్గించాలి, ఈక్యూ జోలికి తర్వాత. ఆన్ చేసేటప్పుడు మిక్సర్ ముందు, ఆంప్లిఫయర్ ఆఖర్న. ఆపేటప్పుడు తలకిందులుగా.

"ఎకో పెంచమని ఎవరైనా చీటీ పంపితే?" అన్నారు. పెంచినట్టు నటించమన్నాను.

ఫిబ్రవరి 1

గదిలో మొదటి రికార్డింగు. రెండు దారులే ఉన్నాయి కాబట్టి రెంటినీ విడదీశాం. గొంతులన్నీ పాన్ మీటతో పూర్తిగా ఎడమకి, వాయిద్యాలన్నీ పూర్తిగా కుడికి. లాప్‌టాప్‌లో ఆడాసిటీ ఉచితం, అందులో విడగొట్టుకుంటే రెండు మోనో ట్రాకులు. ఇప్పుడు గొంతు వేరుగా, వాయిద్యం వేరుగా పెంచుకోవచ్చు, గొంతుకి ఒక్కదానికే ఎకో వేసుకోవచ్చు. స్టీరియో పోతుంది నిజమే. ఘంటసాల గారి పాటలు మనం ప్రేమించినవి దాదాపు అన్నీ మోనోలోవే.

తీరిక ఉంటే రెండో పద్ధతి. ముందు తాళం, బేస్ రికార్డు చేసి, అది హెడ్‌ఫోన్లో వింటూ కీబోర్డు, దాని మీద ఫ్లూటు, చివర గొంతు. ఒక్కొక్కరినీ విడిగా. ఇలా చేసేటప్పుడు కంప్యూటర్ నుంచి తిరిగొచ్చే శబ్దం మళ్లీ రికార్డులోకి దూరకుండా ఆ ఛానెల్‌ని మెయిన్ మిశ్రమానికి పంపకూడదు. లేకపోతే పాత ట్రాకులన్నీ కొత్తదాని మీద ముద్రపడతాయి.

మాస్టారు తన తబలా విని, "ఇది నేనేనా?" అన్నారు. తర్వాత చాలాసేపు మాట్లాడలేదు. రెండో పాటకి మైకు తనే ఒక అంగుళం వెనక్కి జరుపుకున్నారు.

ఫిబ్రవరి 12

నిన్న వర్ధంతి కార్యక్రమం రాత్రి 10 గంటలకల్లా ఆపేశాం, నిబంధన అది. మాస్టారు ఎవరి పెదాలూ చూడలేదు. గిటారు డీఐ ఒకసారి ఊడింది, బావగారు ఫేడర్ దించి మళ్లీ పెట్టేశారు, జనానికి తెలియలేదు. 7 మైకులతో 16 ఛానెళ్ల పాత అనలాగ్ మాకు సరిపోయింది. మైకులు నాలుగే అయితే 10 ఛానెళ్లది కొనండి, నడిపే మనిషి స్థిరంగా ఉంటే ఎక్స్‌ఆర్18 కొనండి.

ఇక పందిళ్లు వేసేవాళ్లకీ, పెళ్లివారికీ ఒక విన్నపం. మిక్సర్ బల్లని స్టేజీ వెనక జనరేటర్ పక్కన పడేయకండి. అక్కడ కూర్చున్నవాడికి జనం వినేది వినపడదు, వినపడనిదాన్ని ఎవరూ సరిచేయలేరు. స్టేజీకి ఎదురుగా, కుర్చీల మధ్య నాలుగడుగుల చోటు వదలండి. సౌండ్ వాళ్లకి మల్టీకోర్ వైరు (అన్ని మైకుల వైర్లూ ఒకే తాడులో వచ్చేది) అక్కడిదాకా లాగమని ముందు రోజే చెప్పండి. దానికి పెద్దగా అదనపు ఖర్చవదు.